రామాంజినమ్మ నీరసం

శ్రీరంగప్ప తన సర్వీసు మొత్తంలో కరువు అనే మాట ఒక్కసారి కూడా రాయలేదు. అనంతపురంలో ఉంటూ, వ్యవసాయం ఆఫీసులో పనిచేస్తూ, అందులోనూ వానల రిపోర్టులు తయారుచేసే సీట్లో కూర్చుని ఆ మాట రాయకుండా రిటైరవడం మామూలు సంగతి కాదు. చేపల మార్కెట్లో కూర్చుని చేప అనకుండా బేరం చేసినంత కష్టం.

వాన చుక్క పడని ఏడు 'వర్షాభావ పరిస్థితులు' అని రాసేవాడు. చెనిక్కాయ చేలు, అదే వేరుశనగ చేలు, నిలువునా మాడిపోతే 'పంట ఎదుగుదల ఆశించిన స్థాయిలో లేదు' అనేవాడు. జనం పిల్లాజెల్లాతో బెంగళూరు రైలెక్కితే 'తాత్కాలికంగా పనుల నిమిత్తం వెళ్లుట'. పైఆఫీసు వాళ్లకు అతని డ్రాఫ్టంటే ప్రాణం. చదివితే ఎవరి భోజనమూ పాడవదు. రిటైరైన రోజు శాలువా కప్పి, మాట తూచి వాడే మనిషి అని పొగిడారు.

అతను ఇల్లు కట్టుకున్న కాలనీ కూడా అతనికి తగినదే. అక్కడ ఎవరికీ అప్పుల్లేవు, ఈఎంఐలు మాత్రం ఉన్నాయి. ఎవరి కొడుకూ ఖాళీగా లేడు, అందరూ గ్రూప్స్‌కు ప్రిపేరవుతున్నారు. ఏ ఇంట్లోనూ మొగుడూ పెళ్లాలు పోట్లాడుకోరు, టీవీ సౌండు ఎక్కువవుతుంది, అంతే. శ్రీరంగప్పకూ అతని భార్య రామాంజినమ్మకూ పిల్లలు లేరు. దాన్ని కూడా కాలనీ 'వాళ్లకేమప్పా, హాయి' అనే రెండు మాటల్లో సర్దేసింది.

అట్లాంటి ఇంట్లో ఒక పొద్దున కొళాయి నీళ్లు వచ్చాయి.

నీళ్లు వచ్చేది రోజు విడిచి రోజు. వచ్చిన పొద్దు రామాంజినమ్మ బిందెతో మోసి వరండాలోని డ్రమ్ము నింపుతుంది. ఆ పొద్దున నిండు బిందె ఆమె చేతిలోంచి జారి గేటు దాకా దొర్లుకుంటూ పోయింది. పేపరు చదువుతున్న శ్రీరంగప్ప "నీళ్లు! నీళ్లు!" అని అరిచాడు. ముందు నీళ్లకే అరిచాడు. రామాంజినమ్మ దొర్లే బిందెను పట్టుకుందామని వంగింది. కుడిచెయ్యి రాలేదు. ఎవరిదో చెయ్యి తన భుజానికి తగిలించినట్టు దానివంక చూసుకుంది. మొగుడి వైపు తిరిగి ఏదో అనబోయింది. మూతి ఒక పక్కకు పోయింది.

ఆ మూతిని శ్రీరంగప్ప ఇంతకుముందొకసారి చూశాడు.

గార్లదిన్నె పక్క పల్లెలో, అతను నిక్కర్లు వేసుకునే కాలంలో, మడక దున్నుతూ కూలబడిన నాయన మొహమ్మీద. తర్వాత ఆ నాయన ఏళ్ల తరబడి పంచలో నులకమంచమ్మీద ఉన్నాడు. ఊళ్లో ఆయన పేరు ఎవరికీ గుర్తు లేకుండా పోయింది. 'పచ్చవాతపోడు' అన్నారు. వీళ్లది 'పచ్చవాతపోళ్ల ఇల్లు' అయింది. అంగడికి బెల్లానికి పోతే "ఎవురప్పా నువ్వు, పచ్చవాతపోని కొడుకువా?" అని అడిగి తూచేవాళ్లు. నాయన పోయినా ఆ పేరు పోలేదు. శ్రీరంగప్ప చదివిన చదువూ, రాసిన పరీక్షలూ, ఎక్కిన బస్సూ అన్నీ ఆ మాటకు అందనంత దూరం పోవడానికే.

అంత దూరం వచ్చాక, అది కొళాయి దగ్గర నిలబడి ఉంది.

"ఏమైనాది నాకు?" అంది రామాంజినమ్మ. నోట్లో గుడ్డ పెట్టుకుని మాట్లాడినట్టుంది.

మాట అతని గొంతు దాకా వచ్చింది. మింగేశాడు.

"ఏం కాలేదు. నీరసం. పొద్దన్నే ఏం తినకుండా బిందెలు మోస్తే అంతే."

గోడకు ఆనించి కూర్చోబెట్టి గ్లూకోజు నీళ్లు కలిపి తాగించాడు. సగం లోపలికి పోయాయి, సగం మూతి పక్కనుంచి చీర మీద పడ్డాయి. ఆమెకు పొలమారింది. తువ్వాలుతో తుడిచి, తగ్గినంక మళ్లీ గ్లాసు అందించాడు.

నూటెనిమిదికి ఫోన్ చేద్దామని సెల్లు చేతిలోకి తీసుకున్నాడు కూడా. కానీ ఆ బండి ఊరికే రాదు. కూత పెట్టుకుంటూ వస్తుంది. ప్రతి గేటు దగ్గరా ఒక నైటీ, ఒక బనియనూ నిలబడతాయి. ఎవరో ఒకరు ఆ మాట అంటారు. అందుకని తెలిసిన క్లినిక్కుకు చేశాడు.

"అర్జెంటా సార్?" అంది అక్కడి అమ్మాయి.

"అబ్బే, తొందరేం లేదమ్మా. కొంచెం నీరసం."

"అయితే సాయంత్రం రండి సార్."

ఆ మాటతో శ్రీరంగప్పకు గుండె మీది రాయి దిగింది. అదే అయితే సాయంత్రం రమ్మంటారా? తాను రాసిన రిపోర్టును తానే నమ్మిన ఉద్యోగి ఆ జిల్లాలో అతనొక్కడే అయివుంటాడు.

సాయంత్రం క్లినిక్ డాక్టరు ఆమెను కుర్చీలో కూర్చోనివ్వకుండానే స్కానింగున్న పెద్దాస్పత్రికి పంపించాడు. అక్కడ డాక్టర్ కృపాకుమారి ఫిల్ము లైటుకు పెట్టి చూస్తూ, "ఎప్పుడు మొదలైంది?" అంది.

"పొద్దున మేడమ్."

"పొద్దునైతే ఇప్పుడా తెచ్చేది? వచ్చిన వెంటనే తెచ్చింటే గడ్డ కరగడానికి ఇంజక్షన్ ఉండేది. నాలుగైదు గంటలు దాటితే ఇంక దానితో పనిలేదు. ఏమనుకున్నారసలు?"

"నీరసం అనుకున్నాం మేడమ్."

"మూతి వంకర పోతే నీరసమా సార్?"

శ్రీరంగప్ప దానికి జవాబు డ్రాఫ్టు చేసుకునేలోపు ఆమె కాగితమ్మీద 'హెమిప్లీజియా' అని రాసింది. అతను ఆ మాటను రెండుసార్లు చదివాడు. ముచ్చటగా ఉంది. ఏ అంగడివాడూ పలకలేడు.

"దీని అర్థమేంటి మేడమ్?"

"హెమి అంటే సగం. ప్లీజియా అంటే దెబ్బ తగలడం, పడిపోవడం. సగం ఒళ్లు పడిపోయిందని. మన పక్షవాతమే."

శ్రీరంగప్ప తలుపు వైపు చూశాడు. రామాంజినమ్మ బయట స్ట్రెచరు మీద ఉంది.

"మేడమ్, ఆ చివరి మాట పేషెంటు ముందర అనద్దండి."

"ఆమెకు తెలీకుంటే ఎట్ల సార్? చెయ్యి తెచ్చుకోవాల్సింది ఆమె. నేనో మీరో కాదు."

"నేను చెప్తాను. నిదానంగా చెప్తాను."

నిదానంగా అని అతను చెప్పిన ఫైళ్లు కొన్ని అతని పాత ఆఫీసులో ఇప్పటికీ ఉన్నాయి.

ఆస్పత్రి నుంచి ఇంటికి వచ్చిన రోజే శ్రీరంగప్ప వీధికి ప్రకటన చేశాడు. 'నరాల బలహీనత.' భార్యకు కూడా అదే కాపీ. రెండు వారాల్లో చెయ్యి దానంతటదే వస్తుందని అడుగున ఒక వాక్యం కలిపాడు.

నిజానికి కాలనీలో ఈ జబ్బుకు హోదాను బట్టి పేర్లున్నాయి. కారున్న వాళ్లకు వచ్చేది స్ట్రోకు. స్కూటరున్న వాళ్లకు పెరాలసిస్. ఇస్త్రీ బండాయనకు వస్తే పచ్చవాతం. ముగ్గురికీ పడిపోయేది ఒకే చెయ్యి. స్కూటరున్న శ్రీరంగప్ప ఈ మూడింట్లో ఏదీ ఎత్తుకోలేదు కాబట్టి వీధికి చాలా తేలికైంది. బలహీనతకు మందు బలం, బలానికి దారి తిండి. ఎదురింటి నాగలక్ష్మమ్మ ఖర్జూరాలు తెచ్చింది. ఒకరు రాగిమాల్టు, ఒకరు నాటుకోడి చారు, ఇంకొకరు దానిమ్మకాయలు. అందరూ మంచం పక్కన కూర్చుని తమ తమ బలహీనతలు చెప్పుకుని, తెచ్చిన దానిమ్మలో సగం తిని, "రెస్టు తీసుకో అక్కా, కాలు కింద పెట్టద్దు" అని పోయేవాళ్లు.

రామాంజినమ్మ కాలు కింద పెట్టలేదు. పెళ్లైనప్పటి నుంచి ఆమెను రెస్టు తీసుకోమన్నవాళ్లు లేరు. ఇప్పుడు వీధి వీధంతా చెబుతోంది. సరేలే, పద్నాలుగు దినాలే కదా అని పడుకుంది. అన్నం మాత్రం ఎడమచేత్తో ముట్టనంది. "ఎడంచేత్తో తినేదేమి, నా గాచారం కాకుంటే. చెయ్యి వచ్చినంక తింటా. అంతదాకా నువ్వు పెట్టు" అంది. పట్నం వచ్చాక నేర్చుకున్న 'ఏమండీ' ఆమె నాలుకకు ఇప్పుడు తిరగడం లేదు. పెళ్లైన కొత్తలో పిలిచినట్టు 'ఏమప్పా' అని పిలుస్తోంది. శ్రీరంగప్ప ముద్దలు కలిపి పెట్టేవాడు. కుడిచెయ్యి ఒళ్లో పడి ఉండేది, తన వంతు వచ్చేదాకా కూర్చున్న చుట్టంలాగా.

ఆస్పత్రి వాళ్లు ఫిజియోథెరపీకి ప్రతాప్ అనే కుర్రవాణ్ని పంపారు. అతను ఆమె వేళ్లు ఒక్కొక్కటే తెరిచి మూసి, "అమ్మా, ఇప్పుడు మీరే మూయండి. మెదడుకు మళ్లీ నేర్పించల్ల" అన్నాడు.

రామాంజినమ్మ ఒక్కసారి ప్రయత్నించి మొగుడి వైపు చూసింది. "నీరసంగా ఉన్నోళ్లతో కసరత్తు చేపిస్తారా ఏమప్పా? బలం రానీ మొదలు."

అది న్యాయమైన మాట. నీరసానికి కసరత్తు ఏమిటి? శ్రీరంగప్ప ప్రతాప్‌ను గేటు దాకా తీసుకొచ్చి, "కొంచెం బలం వచ్చినంక పిలుస్తాము" అన్నాడు.

"బలం కాదు సార్ ఆమెకు తక్కువైంది. ఆమెకు చెప్పలేదా మీరు? ఈ మొదటి నెలల్లోనే వచ్చేదుంటే వస్తాది. ఊరికే పెట్టుకుంటే వేళ్లు ముడుచుకుపోతాయి."

"చెప్తాము. నిదానంగా."

ప్రతాప్ స్కూటరు స్టార్టు చేసుకుని వెళ్లిపోయాడు. రెండు వారాలు అయిపోయాయి. శ్రీరంగప్ప ఇంకో రెండు వారాలు పొడిగించాడు. రామాంజినమ్మ వేళ్లు అరచేతిలోకి వంగసాగాయి. రాత్రిపూట ఆమె నిద్రలో ఉన్నప్పుడు అతను వాటిని తెరిచి చూసేవాడు. వదిలితే మళ్లీ మూసుకునేవి.

బెళుగుప్ప నుంచి హనుమక్క దిగింది ఆ తర్వాతే. రామాంజినమ్మకు సొంత అక్క. వానను నమ్ముకుని చెనిక్కాయ వేసే మనిషి. చేతిలో గుడ్డసంచీ, దాని నిండా ఈ ఏటి చెనిక్కాయలు. శ్రీరంగప్ప గేటు దగ్గరే అడ్డం నిలబడ్డాడు.

"వదినా, లోపలికి పోయే ముందర ఒక మాట. నరాల బలహీనత అని చెప్పినాను దానికి. నువ్వు ఇంకో మాట అనద్దు."

హనుమక్క సంచీ కింద పెట్టింది. "ఏ మాటప్పా? పచ్చవాతమనా?"

"మెల్లగా, వదినా!" అని శ్రీరంగప్ప ఎదురింటి వైపు చూశాడు.

"ఓహో. గోడలకు గూడా చెప్పలేదా? సరేలే, తప్పుకో. నా చెల్లెల్ని చూసేకి వచ్చినా, నీ గేటును కాదు."

లోపల ఆమె చెల్లెలి పక్కన కూర్చుని తల నిమిరింది. ఆ మాట అనలేదు. రామాంజినమ్మ సంబరంగా చెప్పింది, "అక్కా, ఇంగ కొన్ని దినాలేనంట. బలం తక్కువైనాదంట. చెయ్యి దానంతటదే వస్తాదంట. మెదలకుండా పండుకోని ఉండా."

హనుమక్క ఆ చేతిని తన ఒళ్లో పెట్టుకుంది. వేళ్లు తెరవబోతే తెరుచుకోలేదు. చెల్లెలికి కనపడకుండా మొహం తిప్పుకుని, "దాహమైతాంది" అని వంటింట్లోకి వచ్చింది. వెనకే శ్రీరంగప్ప వచ్చాడు.

"ఏమప్పా రంగప్పా, మా పక్క వాన లేకపోయిన ఆ యేడు గుర్తుందా నీకు? గడ్డి లేక నేను ఎద్దుల జతను గోరంట్ల సంతకు తోలినానే, ఆ యేడు."

"ఇప్పుడదంతా ఏమిటికి వదినా?"

"కరువు మండలాల్లో మా పేరు రాలేదు. రాలేదు కాబట్టి సర్కారు గడ్డి రాలేదు. ఏమప్పా అని ఆఫీసోళ్లను అడిగితే, మీ పక్క కరువు లేదమ్మా, వర్షాభావం అన్నారు. ఆ రాత నీదేనని మీ ఆఫీసు బంట్రోతే చెప్పినాడు. నేను నిన్ను ఒక మాట అడిగినానా? చెల్లెలి మొగుడు కదా అని నోరు మూసుకున్న్యా."

శ్రీరంగప్ప నీళ్లగ్లాసు పట్టుకుని నిలబడ్డాడు. ఆమె తీసుకోలేదు.

"ఎద్దులు పోతే పోయినాయి. కరువును కరువంటేనే కదప్పా గడ్డి వచ్చేది? నా చెల్లెలు ఆడ పండుకోని, చెయ్యి వస్తాదని కాసుకోని ఉండాది. ఎవురు తెస్తారు దానికి? నేను చెప్తే ఒక మాటతో అయిపోతాది. కానీ నేను చెప్పను. నీ ఆలి, నువ్వే చెప్పల్ల."

ఆమె ఆ మధ్యాహ్నమే బస్సెక్కి వెళ్లిపోయింది. చెనిక్కాయల సంచీ మాత్రం మంచం కింద ఉంది.

శ్రీరంగప్ప మంచం పక్క కుర్చీలో కూర్చున్నాడు. గొంతు సవరించుకున్నాడు.

"ఏమంటే, నీ పరిస్థితి ఏమంటే... కుడివైపు కదలికలు ఆశించిన స్థాయిలో..."

రామాంజినమ్మ అతని మొహంలోకి చూసింది. ఈ భాష ఆమెకు తెలుసు. ఎన్నో రాత్రులు అతను డ్రాఫ్టు పైకి చదువుతుంటే చేటలో బియ్యం ఏరుకుంటూ విన్నదే.

"ఏమప్పా, యా ఊరు ఎండిపోయినాది?" అంది.

అప్పుడు అతని నోటినుంచి ఆ మాట వచ్చింది. డాక్టరు రాసిన ముచ్చటైన మాట కాదు, పేపర్లో రాసే మాటా కాదు. అంగట్లో బెల్లం తూచేవాడి మాటే.

"పచ్చవాతం."

ఫ్యాను తిరుగుతోంది. ఆమె ఎడమచేత్తో కుడిచేతిని పైకెత్తి చూసుకుంది. మెల్లగా పక్క మీద పెట్టింది.

"మీ నాయనకు వచ్చినాదే, అదేనా?"

"ఊ."

"దానంతటదే రాదా?"

"రాదు. నువ్వు కష్టపడి తెచ్చుకోవల్ల. ఎంత వస్తాదో చెప్పలేమన్నారు."

ఆమె ఎడమచేత్తో దుప్పటి సర్దుకుంది. శ్రీరంగప్పకు ప్రాణం కొంచెం తెరిపినపడింది. గండం గడిచిందనుకున్నాడు. గడవలేదు.

"ఆ పొద్దు, బిందె జారిపోయిన పొద్దు. నీకు తెలుసునా?"

తెలీదు అనొచ్చు. అనుమానం వచ్చింది అనొచ్చు. పూర్తి సమాచారం అందుబాటులో లేదు అనొచ్చు. సర్వీసు మొత్తం నేర్చుకున్న వాక్యాలన్నీ నాలుక చివరికి వచ్చి వరసలో నిలబడ్డాయి.

"తెలుసు" అన్నాడు.

రామాంజినమ్మ గోడ వైపు తిరగాలనుకుంది. ఒక పక్క ఒళ్లు సహకరించదు కాబట్టి ఒక్కతే తిరగలేకపోయింది. శ్రీరంగప్పే లేచి, భుజం కింద చెయ్యి పెట్టి, ఆమెను తననుంచి అవతలికి తిప్పి పడుకోబెట్టాడు.

ఆ పూట అన్నం వద్దంది. అతను పళ్లెం పట్టుకుని నిలబడి, తర్వాత దానిమీద మూతపెట్టాడు. తనూ తినలేదు. మర్నాడు పొద్దున కొళాయి నీళ్లు వచ్చాయి. బిందెతో డ్రమ్ము నింపుకుని లోపలికి వచ్చేసరికి ఆమె కళ్లు తెరిచి ఉంది.

"ఆ పిల్లోన్ని పిలువు. వేళ్లు పట్టుకున్నోన్ని."

ప్రతాప్ వచ్చాడు. ఆలస్యమైందని అనలేదు, కాలేదని కూడా అనలేదు. వేళ్లు తెరవడానికి వేడినీళ్ల కాపడం చెప్పాడు. నొప్పికి ఆమె పళ్లు బిగబట్టి కళ్లనీళ్లు పెట్టుకుంది కానీ ఆపమనలేదు. ఇంట్లో చిన్న వస్తువేదైనా ఉంటే పట్టుకోవడం అలవాటు చేయమన్నాడు. మంచం కింద చెనిక్కాయల సంచీ ఉంది. ఆ రోజు మధ్యాహ్నం ఆమె ఎడమచేత్తో కలుపుకుని, తలవంచుకుని అన్నం తినింది. శ్రీరంగప్ప పెట్టబోతే "ఇడువు" అంది. ఆ ఒక్క మాటే అంది.

దినాలు పోతున్నాయి. కాలు కొంచెం వచ్చింది. గోడ పట్టుకుని వరండా దాకా రాగలుగుతోంది. చెయ్యి రాలేదు. వస్తుందని ప్రతాప్ ఇప్పుడు చెప్పడం లేదు. రామాంజినమ్మ అడగడమూ మానేసింది. సాయంత్రం పూట వరండాలో కుర్చీ వేసుకుని, ఒళ్లో చేట పెట్టుకుని కూర్చుంటుంది. చెనిక్కాయ ఒకటి ఎడమచేత్తో తీసి కుడిచేతి వేళ్ల మధ్య పెట్టుకుంటుంది. నొక్కాలి. ఆమె తరం ఆడవాళ్లు ముచ్చట్లు చెప్పుకుంటూ, చూడకుండా, బొటనవేలితో మూటలు మూటలు ఒలిచేసిన కాయలు అవి. ఇప్పుడు మెడ నరాలు తేలేదాకా నొక్కుతుంది. కాయ ఊరికే ఉంటుంది.

ఒక సాయంత్రం నాగలక్ష్మమ్మ గేటు మీద చేతులు పెట్టి పలకరించింది.

"ఏమన్నా, అక్క నీరసం తగ్గినాదా?"

శ్రీరంగప్ప భార్య వైపు చూశాడు. ఆమె చేటలోకి చూస్తోంది. అతను కుర్చీలోంచి లేచాడు.

"నీరసం కాదమ్మా. పచ్చవాతం."

మామూలుగా మాట్లాడే దానికంటే గట్టిగా వచ్చింది మాట. పక్కింటి తలుపు తెరుచుకుంది. ఒక నైటీ కనిపించింది. ఇస్త్రీ బండి దగ్గర పెట్టె ఆగింది.

"ఆ పొద్దే నాకు తెలుసు" అన్నాడు శ్రీరంగప్ప, ఎవరూ అడగకుండానే. "నేను ఆస్పత్రికి తీసకపోలేదు."

కాలనీలో ఇట్లాంటి దానికి తయారుగా ఉన్న మాట ఏదీ లేదు. నాగలక్ష్మమ్మ గేటు గడియతో ఆడుకుని, "ఓట్స్ పెడ్తాండారా అన్నా? మంచిదంట" అని, కుక్కరు కూత పెట్టిందని చెప్పి వెళ్లిపోయింది. కుక్కరు కూత ఎవరికీ వినబడలేదు.

వెనక టక్కుమని చిన్న చప్పుడైంది. శ్రీరంగప్ప ఆశగా వెనక్కి తిరిగాడు. కాయ పగల్లేదు. వేళ్ల మధ్యనుంచి జారి నేలమీద పడింది. గడప దాకా దొర్లుకుంటూ పోతోంది.

అతను వంగి దాన్ని తీసుకున్నాడు. మునుపైతే తానే పటుక్కున పగలగొట్టి గింజలు ఆమె చేతిలో పెట్టేవాడు. ఆమె ముందు మోకాళ్ల మీద కూర్చుని, ముడుచుకున్న వేళ్లు ఒక్కొక్కటే తెరిచి, కాయను వాటి మధ్య మళ్లీ పెట్టాడు.

"రాదు కదా?" అంది రామాంజినమ్మ. మొగుడితో ఆమె సూటిగా మాట్లాడి చాలా దినాలైంది.

"రాదేమో" అన్నాడు.

ఆమె తలూపి, నొక్కడం మొదలుపెట్టింది.